చేను కదిలితే

బడివాళ్లు పిలవకపోతే వజ్రమ్మ బతికేది. ఆమె మొగుడు సాయిలు మనసులో ఇది ఎప్పుడో తేలిపోయిన సంగతి. కాల్చింది పోలీసులు. బావి దగ్గర కూర్చుని అన్నం తిని, వాళ్లను ఊరి మీదికి తెచ్చింది దళం వాళ్లు. ఆ ఇద్దరినీ ఆయన ఏనాడూ మంచివాళ్లు అనలేదు. కానీ తుపాకి పట్టినవాడు తుపాకి పనే చేస్తాడు. ఎక్కాలు చెప్పుకోవలసిన బడి మాత్రం, తన మానాన తాను ఇంట్లో ఉన్న సాయిలును పిలిచి, కుర్చీ వేసి, మెడలో బంతిపూల దండ వేసి, యుద్ధం చెప్పమన్నది.

సాయిలుది మేడిపల్లి దాటాక రోడ్డు దిగి లోపలికి పోతే వచ్చే ఊరు. పసుపు, మక్క, పత్తి పండుతాయి. ఆడవాళ్లు అరుగుల మీద కూర్చుని బీడీలు చుడతారు. పంపకాల్లో అన్న ఐలయ్యకు బావి కింది పొలం పోయి తనకు రాళ్ల చెలక మిగిలిందన్న కోపంతో, మీసాలు సరిగా రాని వయసులో జగిత్యాల పోయి ఫౌజులో చేరాడు. డెబ్బై ఒకటిలో తూర్పు సరిహద్దున యుద్ధం చేశాడు. నాయక్‌గా దిగి, పెన్షన్‌తో ఊరు చేరాడు. తర్వాత ఐలయ్య చచ్చిపోయాడు. చెలక కోపం చావలేదు. సాయిలు దగ్గర ఏ కోపమూ చచ్చేది కాదు.

అవి ఊరికి రెండు సర్కార్లు ఉన్న రోజులు. పగటి సర్కారు వచ్చి రాత్రి ఎవరికి అన్నం పెట్టారని కొట్టేది. రాత్రి సర్కారు వచ్చి పగలు ఎవరికి ఏం చెప్పారని అడిగేది. ఫౌజులో పనిచేసిన మనిషి మీద ఇద్దరికీ కన్నే. సాయిలుకు ఒక లైసెన్సు తుపాకి ఉండేది. దళం వాళ్లు అడగకముందే తీసుకుపోయి ఠాణాలో అప్పగించి, ఇంట్లో ఇనుప వస్తువు అంటే కొడవలి ఒక్కటే మిగుల్చుకున్నాడు. ఎవరి జోలికీ పోకుండా బతకవచ్చుననుకున్నాడు.

అప్పుడు వచ్చాడు ఆనందం సారు. హెడ్మాస్టరు. సిరిసిల్ల మనిషి, సాలెవాళ్ల ఇంట పుట్టినవాడు. చిన్నప్పటినుంచి సాంచాల, అంటే మరమగ్గాల చప్పుడు మధ్య అరిచి మాట్లాడే అలవాటై, పక్కన కూర్చున్నవాడితో కూడా పక్క ఊరివాడితో మాట్లాడినట్టు మాట్లాడేవాడు. కోరుట్లలో కిరాయికి ఉండి, రోజూ బస్సు దిగి, మూలమలుపు నుంచి నడిచి వచ్చేవాడు.

"సాయిలన్నా! పంద్రాగస్టుకు మీరే మాట్లాడాలె! పిల్లలకు దేశభక్తి అంటే ఏందో తెల్వాలె!" అని వాకిట్లో నిలబడి అరిచాడు.

"గంత ఒర్రకు సారూ. గుట్ట మీదోళ్లు ఇని వాళ్లు గుడ అస్తరు," అన్నాడు సాయిలు.

పోకుండా ఉండవలసింది. పోయాడు. ఇస్త్రీ కోటు వేసుకుని, మెడల్స్ రెండూ పెట్టుకుని మరీ పోయాడు. పంద్రాగస్టుకు నల్లజెండా ఎగరేయమని దళం వాళ్లు గోడల మీద రాసి పెట్టేవారు కాబట్టి, ఆనందం సారు పొద్దు పొడవకముందే మూడు రంగుల జెండా ఎక్కించి, పాట ముగియగానే దించేసేవాడు. మిగతాదంతా జెండా లేని ఉత్తకర్ర కిందే జరిగేది.

దేశభక్తి గురించి చెప్పడానికి సాయిలు దగ్గర ఏమీ లేదు. చావకుండా ఎలా ఉండాలో మాత్రం తెలుసు. అదే చెప్పాడు.

"తూట మనిషిని ఎతుక్కుంట రాదు. అడ్డం ఉన్నదాన్ని తాకుతది. మీరు అడ్డం ఉండకుండ్రి. గంతే యుద్ధం."

పిల్లలు నవ్వారు. ఆయన నవ్వలేదు.

"మా పక్కన ఒక తమిళాయన ఉండె. నాకంటె మంచోడు, బలమున్నోడు. మిషన్ గన్ మొదలుకాంగనే లేసి ఉరికిండు. నేను వరిమడి గట్టు ఎనుక పండుకున్న. ఆయిన నాలుగు అడుగులు గుడ పోలే. నేను గిప్పుడు మీ ముందట నిలబడి బూంది తింటున్న. చప్పుడు ఇనవడంగనే ఏం జెయ్యాలె? పండుకోవాలె. బోర్ల. మొఖం పక్కకు. మడిమెలు నేలకానాలె, లేకుంటె మడిమె పోతది. ఇగ మోచేతుల మీద పాక్కుంట గట్టు ఎనుకకు పోవాలె. లేవద్దు. ఎవ్వలు పిలిచినా లేవద్దు."

పాఠం అక్కడితో ఆగినా బాగుండేది. రుద్రంగి వైపు గుట్టల్లో కాల్పులు వినబడని నెల లేదు ఆ రోజుల్లో. ఇది చరిత్ర కాదు, అక్కరకు వచ్చే చదువు అని ఆనందం సారుకు తోచింది. విజిల్ తెప్పించాడు. పంద్రాగస్టుకు, జనవరి ఇరవై ఆరుకు, తర్వాత ప్రతి శనివారం సాయిలు విజిల్ ఊదేవాడు. బడి మొత్తం దబ్బున నేల మీద పడేది. "పండుకో, పాకు, లేవకు" అని పిల్లలు పాటలా అనుకుంటూ పాకేవారు. అంగీలు చిరిగాయని తల్లులు వచ్చి తిట్టిపోయారు. సాయిలుకు ఆ తిట్లు కూడా మెడల్ లాగే ఉండేవి. ఊళ్లో తాను చెప్పింది వినేవాళ్లు దొరకడం ఆయనకు అదే మొదలు.

వజ్రమ్మ బడి ప్రహరీ అవతల, కొమురమ్మ అరుగు మీద కూర్చుని, ఒళ్లో చాట పెట్టుకుని బీడీలు చుడుతూ అంతా వినేది. పిల్లలు లేరు వాళ్లకు. ఇంటికి వచ్చాక మొగుణ్ని కాల్చుకు తినేది.

"ఓ మిల్ట్రాయినా, గిన్నేండ్లు సర్కారు నీకు తిండి వెట్టి పండుకునుడు నేర్పిందా? గది నువ్వు పోకముందుకెల్లే నీకు అస్తది గద."

"నీకేం తెల్సు. నోరు మూసుకో."

"ఎందుకు తెల్వది? సూడు."

పక్కింటి మనవరాలు గంగమణిని నవ్వించడానికి వాకిట్లో బోర్లా పడి, కొంగు బిగించి, మోచేతుల మీద జరజరా పాకేది. గంగమణి ఐలయ్య కొడుకు కూతురు. తల్లీదండ్రీ సిరిసిల్లలో సాంచాల మీద పని చేస్తూ, పిల్లను బాపమ్మ మొగిలవ్వ దగ్గర వదిలారు. మొగిలవ్వ అంటే ఐలయ్య పెళ్లాం, సాయిలుకు వదిన. రెండిళ్లకూ మధ్య ఒకటే గోడ. అన్న మీది కోపం కొద్దీ సాయిలు ఆ గోడ మీదుగా మాట్లాడేవాడు కాదు. వజ్రమ్మ, మొగిలవ్వ మాత్రం అక్కాచెల్లెళ్లలా ఉండేవారు. గంగమణి ఇద్దరి కొంగులూ పట్టుకుని పెరిగింది. చిన్న బాపమ్మ వజ్రమ్మతో పాటు అదీ మన్నులో పాకేది.

"మడిమెలు లేసినయి," అనేవాడు సాయిలు అరుగు మీద నుంచి. "మోకాలి లోపలి దిక్కు నేలకు తాకాలె. ఆ... గట్ల."

ఆయన నేర్పిన వాళ్లందరిలో సరిగా నేర్చుకున్నది వజ్రమ్మే.

పత్తి రెండో ఏరుడు నడుస్తున్నది. బాలయ్య పత్తిచేనులో ఊరి ఆడవాళ్లు ఏరుతున్నారు. బీడీ ఆకు సరిగా రాక పని తగ్గిందని వజ్రమ్మ కూడా ఆ వారం కూలికి పోయింది. మొగిలవ్వ ఆమె పక్క సాలులో ఉంది. చేను చివర బావి గడ్డన దళం వాళ్లు కొందరు సద్ది విప్పుకుని కూర్చున్నారు. ఎవరో పోలీసులకు కబురు పంపారు. ఎవరన్నది ఊరికి తెలుసు, సాయిలుకూ తెలుసు. ఆ మనిషితో కూడా ఆయన ఇవాళ్టి దాకా మాట్లాడడు.

పోలీసులు రోడ్డు మీద రాలేదు. మక్కచేన్లలో నుంచి నడిచి వచ్చారు. మొదటి తుపాకి పేలింది. దళం వాళ్లు బావి వెనక వాగులోకి దిగిపోయారు. వాళ్లలో ఒక్కరికీ ఏమీ కాలేదు.

తర్వాతది మొగిలవ్వ చూసింది. ఎవరు అడిగినా ఒకే వరుసలో చెబుతుంది.

"ఢామ్మనంగనే నేను ఉరికిన. కొమురమ్మ ఉరికింది. అందరం ఒర్లుకుంట, చేతులు లేవట్టుకుంట ఉరికినం. ఒడిల పత్తంత గాలికి పోయింది. పోలీసోళ్లు మమ్ముల సూసిండ్రు, తుపాకితోని కొట్టలే. ఉరుకుండ్రి, ఉరుకుండ్రి అని వాళ్లే ఒర్రిండ్రు. వజ్ర ఏదని ఎనుకకు సూస్తె సాల్ల బోర్ల పండుకున్నది. లెవ్వే, ఉరుకే అన్న. అది నాకెల్లి చెయ్యి ఊపింది. పండుకో అక్కా, లేవకు, పండుకో అన్నది. నన్నే పండుకొమ్మన్నది! ఇగ గట్టు దిక్కు పాక్కుంట పోయింది. మనిషి అవుపడలే. పత్తిచెట్లు మాత్రం ఊగుకుంట పోయినయి. వాళ్లు ఆ చెట్లను కొట్టిండ్రు."

జగిత్యాల ఆస్పత్రి వెనక గదిలో సాయిలు ఆమెను చూశాడు. గుండు ఎక్కడ తాకిందో చూడలేదు. మోచేతులు చూశాడు. తోలు లేచి ఎర్రమట్టి పట్టి ఉన్నాయి. చీర మోకాళ్ల లోపలి వైపు అరిగిపోయి ఉంది. మడమలు లేపకుండా పాకింది. ఎక్కడా తప్పు చేయలేదు.

ఆ రోజు కాల్పులకు వచ్చిన అధికారి బయట వేపచెట్టు కింద నిలబడి ఉన్నాడు. పొద్దుటి నుంచి ఆమెను దళంలో మనిషి అనే అంటున్నారు. సాయిలు తన ఫౌజు కాగితాలు చూపించి, నా భార్య అన్నాడు. అధికారి కాగితాలు చూసి, టోపీ తీశాడు. కోప్పడలేదు, బెదిరించలేదు. సాటి సిపాయికి చెప్పినట్టు నెమ్మదిగా చెప్పాడు.

"చేను కదిలింది. మావాళ్లు కాల్చారు. ఊరివాళ్లయితే లేచి పరుగెత్తుతారు. పడుకుని పాకేది ట్రైనింగ్ ఉన్నవాళ్లే. మీరు యుద్ధం చేసినవారు, మీకు నేను చెప్పాలా?"

చెప్పనక్కరలేదు. ఆ మాట నిజమని సాయిలుకు తెలుసు. అందుకే ఆ అధికారిని తిట్టడానికి ఆయనకు నోరు రాలేదు. నోరు రాకుండా చేసినందుకు ఆ మనిషిని ఆయన ఎన్నడూ క్షమించలేదు.

దినాల నాడు మొగిలవ్వ గుండెలు బాదుకుంటూ అన్నది: "నీ సదువే తిన్నది నా చెల్లెను. పాకుడు నేర్పితివి గదా, పాక్కుంట పోయింది!" ఊరంతా విన్నది. సాయిలు లేచి ఇంట్లోకి పోయి తలుపు పెట్టుకున్నాడు. అంతకుముందు గోడ మీదుగా మాట్లాడేవాడు కాదు. ఆనాటి నుంచి ఆ గోడ వైపు మొహం పెట్టి కూర్చోవడం కూడా మానేశాడు. వదిన అన్న మాట తప్పని ఆయన ఉద్దేశం. చదువు చెప్పమని పిలిచింది బడి. తాను పోయి బడి తలుపు తట్టలేదు.

దళం వాళ్లు వజ్రమ్మ పేరు పెట్టి గోడల మీద పోస్టర్లు వేశారు. కోరుట్లలో సభ ఉంది, వచ్చి మాట్లాడమని కబురు పంపారు. పోలేదు. నీళ్లతో తడిపి పోస్టర్లను తన చేత్తోనే గీకేశాడు. ఆనందం సారు దండం పెడుతూ వచ్చాడు, చేతులు పట్టుకున్నాడు. సాయిలు చేతులు వెనక్కి తీసుకున్నాడు. విజిల్‌ను సారు కాళ్ల దగ్గర పడేశాడు. ఆ తర్వాత బడి ముందు నుంచి పోవలసివస్తే వాగు దిగి చుట్టూ తిరిగి పోయేవాడు.

అలా రెండు పంటలు పోయాయి.

మూలమలుపు దగ్గర అన్వర్ పంక్చర్ దుకాణం. పక్కనే జానీమియా చాయ్ హోటల్. ఒక మధ్యాహ్నం సాయిలు సైకిల్ ట్యూబు వేయించుకుంటూ అక్కడ కూర్చున్నాడు. అన్వర్ ఒక ట్రాక్టర్ టైరుకు గాలి కొడుతున్నాడు. బడి వదిలారు. పిల్లలు మక్కచేను పక్క బాట మీద గుంపుగా వస్తున్నారు. గాలి ఎక్కువై టైరు పేలింది. జానీమియా చేతిలో గ్లాసు కింద పడింది.

బాట మీద పిల్లలు లేరు.

సాయిలు లేచి నిలబడ్డాడు. ఒక్క పిల్ల కూడా ఏడవలేదు, అరవలేదు. సంచులు బాట మీద ఉన్నాయి. మక్కచేను అంచున ఆకులు కదులుతున్నాయి. ఆ కదలిక వరుసలు వరుసలుగా లోపలికి, గట్టు వైపు పోతున్నది.

"వాహ్ సాయిలన్నా!" అన్నాడు అన్వర్ నల్లబడ్డ మొహం తుడుచుకుంటూ. "నా టైరు పోయినా ఫికర్ లేదు. మీ పల్టన్ ఎట్ల పండుకున్నదో సూడుండ్రి! ఇంకా మర్వలే పోరగాండ్లు."

"అన్వర్, నోరు మూయి," అన్నాడు జానీమియా లోపలి నుంచి.

సాయిలు చేను దగ్గరికి నడిచాడు. పిల్లలు ఒక్కొక్కరే లేచి, దులుపుకుని, నవ్వుకుంటూ వస్తున్నారు. వాళ్లలో ఒకటో తరగతి పిల్లలు ఉన్నారు. ఆయన విజిల్ పడేసేనాటికి బడిలో చేరనివాళ్లు. తాను వాళ్లకు ఏమీ నేర్పలేదు.

"మీకు ఎవలు చెప్పిండ్రు పండుకొమ్మని?"

"గంగమణక్క," అన్నారు చిన్నవాళ్లు.

గంగమణి చివరగా లేచింది. సంచి తీసుకుని, ఆయన మొహం చూడకుండా పోయింది.

ఆ సాయంత్రమే సాయిలు బస్సు ఆగే చోటికి పోయి ఆనందం సారును పట్టుకున్నాడు.

"పంద్రాగస్టుకు నేనస్త. మాట్లాడుత."

ఆనందం సారు మొహంలో సంతోషం, భయం రెండూ కనిపించాయి. "రాండ్రి అన్నా, రాండ్రి! కని... ఈసారి సీఐ సారు అస్తుండు. కొత్తాయన. ఊర్లల్ల వాలీబాల్ కిట్లు పంచుతుండు, మంచోడు. మీరు గా ముచ్చట... వజ్రక్క ముచ్చట..."

"పిలిచినప్పుడు ఏం చెప్పాలెనో నువ్వు చెప్పినవా? గిప్పుడు చెప్పకు."

కల్వర్టుల కింద ఏ మందుపాతర ఉందో అన్న భయానికి ఆ రోజుల్లో పోలీసులు జీపుల్లో వచ్చేవారు కాదు. ఇన్‌స్పెక్టరు మామూలు బట్టల్లో మోటార్ సైకిల్ వెనక కూర్చుని, పొలాల బాటన వచ్చి, బడి వెనక గదిలో యూనిఫాం తొడుక్కున్నాడు. కుర్రవాడు. వెంట వచ్చినవాళ్లు ప్రహరీ నాలుగు మూలలా నిలబడ్డారు. జెండాను ఈసారి దించలేదు. ఊరు భయపడుతూనే వచ్చింది. గోడ అవతల కొమురమ్మ అరుగు మీద బీడీల చాటలు ఉన్నాయి, వేళ్లు ఆడటం లేదు. మొగిలవ్వ అక్కడే ఉంది.

ఆనందం సారుకు భయం వేస్తే గొంతు ఇంకా పెరుగుతుంది. "సార్! మా పిల్లలకు మిలట్రీ శిక్షణ ఉన్నది సార్! చూడండి!" అని, ఎవరూ అడగకుండానే విజిల్ ఊదాడు.

బడి మొత్తం నేల మీద పడింది. మొన్న కురిసిన వానకు వాకిలంతా బురద. తెల్ల అంగీలతో బురదలో పడి, పెద్దవాళ్లు, చిన్నవాళ్లు, మోచేతుల మీద పాకారు. పండుకో, పాకు, లేవకు.

ఇన్‌స్పెక్టరు చప్పట్లు కొట్టాడు. "శభాష్! డిసిప్లిన్ అంటే ఇదీ."

సాయిలు కుర్చీలో నుంచి లేచాడు. కోటు వేసుకురాలేదు. మెడల్స్ లేవు. దండ మెడలో పడబోతే చేత్తో ఆపాడు.

"లెవ్వుండ్రి," అన్నాడు. "అందరు లెవ్వుండ్రి. నేను చెప్పింది ఇడిసిపెట్టుండ్రి. ఇయ్యాల్టికెల్లి చప్పుడు ఇనవడితె పండుకోవద్దు. ఉరకాలె. చేను దిక్కు కాదు, బాట దిక్కు. చేతులు మీదికి లేవట్టాలె. బడి పిల్లలం, బడి పిల్లలం అని ఒర్లుకుంట ఉరకాలె."

పిల్లలు లేచారు. ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. గంగమణి లేవలేదు. బురదలో మోచేతుల మీద తల ఎత్తి చూసింది.

"తాతా, పండుకుంటె తాకదంటివి గద?"

"లే బిడ్డా," అన్నాడు ఆనందం సారు, జీవితంలో మొదటిసారి మెల్లగా.

"ఉరికితె సస్తరంటివి. ఆ తమిళాయిన సచ్చిపోయిండంటివి. చిన్న బాపమ్మ గుడ పండుకొమ్మనే చెప్పింది నాకు."

ప్రహరీ మూలన నిలబడ్డ పోలీసు ఇటు తిరిగాడు. సాయిలు ఇన్‌స్పెక్టరు వైపు చూడలేదు, గోడ వైపు చూడలేదు. పిల్ల వైపు చూసి చెప్పాడు.

"ఆ తమిళాయిన ముచ్చట నిజమే. దాని తర్వాత ఇంకో ముచ్చట ఉన్నది. అది మీకు చెప్పలే. తెల్లారినంక మేము ఒక చెరుకుతోటను సుట్టు ముట్టినం. లోపల శత్రువు సిపాయిలు ఉన్నరు. ఆ ఊరోళ్లు గుడ అండ్లనే చిక్కిండ్రు. ముసలోళ్లు, ఆడోళ్లు, పిల్లలు. వాళ్లు ఒర్లుకుంట, చేతులు లేవట్టుకుంట బయటికి ఉరికచ్చిండ్రు. మేము కొట్టలే. పొండ్రి అని ఇడిసిపెట్టినం. ఇగ మా సుబేదార్ అన్నడు, మనిషి కోసం చూడకుండ్రి, తోటను చూడుండ్రి అన్నడు. యాడ చెరుకు ఊగితె ఆడ కొట్టుండ్రి అన్నడు. కొట్టినం. లోపలికి పోయి చూస్తె అందరు సిపాయిలే. అందరు మోచేతుల మీద పాకినోళ్లే. మంచిగ నేర్చుకున్నోళ్లు. దానికి నాకేం బాధ లేదు. యుద్ధం గట్లనే ఉంటది."

గంగమణి వైపు ఒక అడుగు వేశాడు. గొంతు మారలేదు.

"గది సిపాయిల యుద్ధం. నేను మీకు సిపాయి పని నేర్పిన. మీరు సిపాయిలు కారు. మీ చిన్న బాపమ్మ సిపాయి కాదు. బాలయ్య చేన్ల అందరు ఉరికి బతికిండ్రు. అది పండుకున్నది, పాకింది. చేను ఊగింది. తుపాకి పట్టినోడు ఏడనైనా చేనునే చూస్తడు. గంతే. గిప్పుడు లెవ్వు."

గంగమణి లేచింది. మోచేతుల నుంచి బురదనీళ్లు కారుతున్నాయి.

ఇన్‌స్పెక్టరు ఏం చేస్తాడోనని అందరూ ఆయన వైపు చూశారు. ఆయన టోపీ సర్దుకుని, గొంతు సవరించుకున్నాడు. మొహంలో కోపం లేదు.

"ఆయన చెప్పింది కరెక్టు, పిల్లలూ," అన్నాడు. "పాకకూడదు. పాకితే మేము వేరేవాళ్లనుకుంటాం."

జగిత్యాలలో వేపచెట్టు కింద విన్న మాటే. నోరు మారింది, అంతే. సాయిలు ఆ కుర్రవాడి మొహంలోకి ఒకసారి చూసి, చూపు తిప్పుకున్నాడు.

గోడ అవతల మొగిలవ్వ ఏడుపు వినబడింది. "నన్ను పండుకొమ్మన్నది మరిదీ... నేను పండుకోలే... దాని మాట ఇనలే నేను..." అంటున్నది. దినాల నాటి తర్వాత ఆమె ఆయనతో నేరుగా అన్న మొదటి మాట. సాయిలు వినిపించుకోలేదు. విజిల్ కోసం ఆనందం సారు ముందు చెయ్యి చాపాడు.

ఊదాడు. సగం మంది పడ్డారు, సగం మంది ఉరికారు. ఉరికినవాళ్లు పడ్డవాళ్లను తట్టుకుని పడ్డారు. ఎవరికీ నవ్వు రాలేదు. మళ్లీ ఊదాడు. చిన్నవాళ్లు ఉరికారు. పెద్దవాళ్లకే మోకాళ్లు వాటంతట అవే వంగిపోతున్నాయి. మళ్లీ, మళ్లీ ఊదాడు. గంగమణి ప్రతిసారీ పడింది. పడి, తనను తాను తిట్టుకుంటూ లేచింది. చివరికి ఒకసారి పడకుండా, రెండు చేతులూ ఆకాశంలోకి ఎత్తి, "బడి పిల్లలం! బడి పిల్లలం!" అని గొంతు చిరిగేలా ఒర్లుకుంటూ ప్రహరీ దాటి, పోలీసులను దాటి, బాట మీద అన్వర్ దుకాణం దాకా ఉరికింది. బడి మొత్తం దాని వెనక పోయింది.

సాయిలు విజిల్ ఆనందం సారు చేతిలో పెట్టాడు. "శనివారం శనివారం ఉరికియ్యి," అన్నాడు. బూంది తీసుకోకుండా, ఈసారి వాగు చుట్టూ తిరగకుండా, నేరుగా ఇంటికి పోయాడు.

ఆ మాట ఊళ్లో ఆగలేదు. పోలీసు అధికారి ముందే చెప్పాడట అని సిరిసిల్ల నుంచి హక్కుల సంఘం మనిషి వచ్చాడు, కోర్టులో చెబుతావా అన్నాడు. పోలీసులతో ఒకే పందిట్లో ఎందుకు కూర్చున్నావో వచ్చి చెప్పుకోమని దళం నుంచి కబురు వచ్చింది. మంచి ప్రోగ్రాం, రుద్రంగి బడిలో కూడా చెప్పించాలని ఇన్‌స్పెక్టరు కానిస్టేబుల్‌ను పంపాడు. కోరుట్ల నుంచి వచ్చిన విలేకరి వజ్రమ్మ ఫోటో ఉందా అని అడిగాడు. అందరికీ సాయిలు వాకిట్లోనే, తలుపు సగం తీసి, ఒకటే జవాబు చెప్పాడు: పోండ్రి.

మొగిలవ్వ ఒకనాడు గోడ మీద ఆనపకాయ కూర గిన్నె పెట్టి పోయింది. పొద్దు గూకేదాకా ఆ గిన్నె అక్కడే ఉంది. కాకులు తిన్నాయి.

జనవరిలో ఆనందం సారు మళ్లీ వచ్చాడు. చేతిలో దండ లేదు. కొన్నాళ్ల కింద ఊరి పొలిమేరలో తుపాకులు పేలితే పిల్లలందరూ చేతులెత్తి బాట మీదికి ఉరికారనీ, ఒక్కరికీ ఏమీ కాలేదనీ, అది చెప్పడానికే వచ్చాననీ అన్నాడు. సాయిలుకు ఆ సంగతి తెలుసు. ఆ రోజు ఆ కేకలు ఆయన ఇంట్లో కూర్చుని విన్నాడు.

"ఒక్కసారి రాండ్రి అన్నా," అన్నాడు సారు. "కొత్త పిల్లలు అచ్చిండ్రు. మీ నోటితోని చెప్తె..."

"కూసో సారూ," అన్నాడు సాయిలు. సారు కూర్చున్నాడు. "నువ్వు పిలిస్తె మొదటిసారి అచ్చిన, నా ఇల్లు పోయింది. రెండోసారి నువ్వు పిలువలే, నేనే అచ్చిన. వాళ్లకు చెప్పాల్సింది చెప్పిన. నీకు బాకీ లేను, ఊరికి బాకీ లేను."

"బాకీ అని కాదన్నా. మీరు చెప్పిన ముచ్చట మర్చిపోతే..."

"మర్వనీ. ఉరుకుడు మర్వకుంటె చాలు. అది నువ్వు నేర్పు, విజిల్ నీ దగ్గరనే ఉన్నది." సాయిలు లేచి తలుపు మీద చెయ్యి పెట్టాడు. "యుద్ధం ముచ్చటగని, చెరుకుతోట ముచ్చటగని, వజ్ర ముచ్చటగని మల్ల నా నోట రాదు. కోర్టు అడిగినా రాదు, దళంల అన్నలు అడిగినా రాదు. నువ్వైతె అసలే అడగకు. పో సారూ, బస్సు పోతది."